డిశ్చార్జి కాగితం మీద ‘జెడ్’ అక్షరం: శరీరంలో అమర్చిన పరికరాలు, వాటి కోడ్లు



ఆపరేషన్ అయి, కుట్లు విప్పి, రోగిని ఇంటికి పంపేటప్పుడు మీ చేతికి ఒక కాగితాల కట్ట ఇస్తాము. అందులో మందుల చీటీని అందరూ చూస్తారు. మళ్ళీ ఎప్పుడు రావాలో ఆ తారీఖు అందరూ అడుగుతారు. కాని డిశ్చార్జి సమ్మరీలోనో, ఇన్సూరెన్సు ఫారంలోనో జబ్బు పేరు పక్కన చిన్నగా ఒక అక్షరం, కొన్ని అంకెలు ఉంటాయి. ‘జెడ్ 96.6’, ‘జెడ్ 95.0’ వంటివి. వాటి గురించి అడిగేవారు తక్కువ. అడిగేవారు కూడా భయంతోనే అడుగుతారు. “సిస్టర్, ఇది ఇంకో జబ్బా? మాకు చెప్పలేదేమిటి?” అంటారు.

అది జబ్బు కాదు. మీ మనిషి శరీరంలో ఒక పరికరం అమర్చబడి ఉన్నదని, రేపు చూడబోయే డాక్టరుకు ముందుగా చెప్పే గుర్తు అది. మోకాలిలో అమర్చిన కీలు, గుండెలో పెట్టిన వాల్వు, కంట్లో వేసిన లెన్సు పైకి కనబడవు. వాటి సంగతి కాగితం చెప్పాలి, లేకపోతే మీరు చెప్పాలి. ఇద్దరూ చెప్పకపోతే ఎవరికీ తెలియదు. ఈ పాఠం ఉద్దేశం ఇదే.

ఈ పాఠంలో నేర్చుకొనేవి

1. రోగనిర్ధారణ కోడ్ అంటే ఏమిటి?
2. ఏయే పరికరాలకు ఏయే కోడ్లు వ్రాస్తారు?
3. పరికరం ‘ఉన్నది’ అనే కోడుకు, ‘చెడినది’ అనే కోడుకు తేడా ఏమిటి?
4. కోడ్ చెప్పలేని విషయాలు ఏమిటి? వాటిని ఎవరు భద్రపరచాలి?

1. కోడ్ అంటే ఏమిటి?

ఒకే జబ్బును మన ఊళ్ళో ఒక పేరుతో, పక్క జిల్లాలో ఇంకొక పేరుతో పిలుస్తారు. డాక్టర్లు కూడా అంతే. ఒకరు పూర్తి పేరు వ్రాస్తే, మరొకరు మూడక్షరాల పొట్టిపేరు వ్రాస్తారు. ఈ గందరగోళం లేకుండా ప్రతి జబ్బుకూ, ప్రతి ఆరోగ్య స్థితికీ ఒక గుర్తు ఇచ్చారు. దానినే అంతర్జాతీయ వ్యాధుల వర్గీకరణ, పొట్టిగా ఐసీడీ అంటారు.

1893లో ఫ్రాన్సు దేశపు జాక్ బెర్తియో అనే గణాంక నిపుణుడు మరణ కారణాల పట్టిక ఒకటి తయారు చేసి ఇచ్చారు. దాని నుండి పెరిగినదే నేటి ఐసీడీ. 1948 నుండి ప్రపంచ ఆరోగ్య సంస్థ దీనిని చూస్తున్నది. పదవ కూర్పు 1990లో ఆమోదం పొందింది. పదకొండవ కూర్పు 2022 జనవరి 1 నుండి అమలులోకి వచ్చింది. అయినా చాలా ఆసుపత్రులలో ఇప్పటికీ పదవ కూర్పే వాడుకలో ఉన్నది కాబట్టి ఈ పాఠంలో ఆ కోడ్లే చెబుతున్నాము. కొత్త కూర్పులో అక్షరాలు, అంకెలు మారతాయి గాని విషయం మారదు.

కోడ్ చదవడం కష్టం కాదు. ముందు ఒక అక్షరం, తరువాత రెండు అంకెలు, చుక్క, ఆ తరువాత మరో అంకె. అక్షరం చూస్తే ఏ అధ్యాయానికి చెందినదో తెలుస్తుంది. ‘ఐ’ అంటే గుండె, రక్తనాళాల జబ్బులు. ‘ఎం’ అంటే ఎముకలు, కీళ్ళు, కండరాల జబ్బులు. ‘ఎస్’, ‘టి’ అంటే దెబ్బలు, విషాలు, చికిత్సలో వచ్చిన చిక్కులు.

ఇక ‘జెడ్’ అధ్యాయం వేరు. అందులో ఉన్నవి జబ్బులు కావు. మనిషి ఆరోగ్యం మీద ప్రభావం చూపే పరిస్థితులు, ఆసుపత్రికి రావడానికి గల ఇతర కారణాలు అందులో ఉంటాయి. టీకా కోసం రావడం, మామూలు పరీక్షకు రావడం, ఒంట్లో పరికరం ఉండడం వంటివి. కాబట్టి జెడ్ అక్షరం కనబడగానే కంగారు పడనక్కరలేదు.

2. ఏ పరికరానికి ఏ కోడ్?

శరీరంలోని ఒక భాగం చేయవలసిన పనిని దాని బదులు తానే చేయడానికి, లేదా ఆ పనికి సాయపడడానికి లోపల అమర్చిన వస్తువును ‘పనిచేసే ఇంప్లాంటు’ అనవచ్చు. గుండెకు, రక్తనాళాలకు సంబంధించినవి ‘జెడ్ 95’ కింద, మిగతావి ‘జెడ్ 96’ కింద వస్తాయి.

- జెడ్ 95.0: పేస్‌మేకర్. మనవాళ్ళు “గుండెకు మిషను పెట్టారు” అంటారే, అదే.
- జెడ్ 95.1: బైపాస్ ఆపరేషన్‌లో గుండెకు వేసిన కొత్త రక్తనాళపు దారి.
- జెడ్ 95.2: గుండెలో అమర్చిన కృత్రిమ వాల్వు.
- జెడ్ 95.5: గుండె రక్తనాళంలో వేసిన స్టెంటు.
- జెడ్ 96.1: కంట్లో అమర్చిన లెన్సు.
- జెడ్ 96.2: కాక్లియర్ ఇంప్లాంటు మొదలైన చెవి పరికరాలు.
- జెడ్ 96.3: కృత్రిమ స్వరపేటిక.
- జెడ్ 96.4: ఇన్సులిన్ పంపు వంటివి.
- జెడ్ 96.5: దవడ ఎముకలో దించిన పంటి వేరు.
- జెడ్ 96.6: మోకాలు, తుంటి మొదలైన కీళ్ళ మార్పిడి.

తీసి పెట్టుకొనే వస్తువులు ఈ జాబితాలో ఉండవు. చెవికి పెట్టుకొనే వినికిడి మిషను, కట్టుడు పళ్ళు, కృత్రిమ కాలు ‘జెడ్ 97’లో ఉంటాయి. మరొక మనిషి నుండి తెచ్చి అమర్చిన మూత్రపిండం ‘జెడ్ 94’లో ఉంటుంది. వినికిడి మిషను, కాక్లియర్ ఇంప్లాంటు ఒకటే అని చాలామంది అనుకొంటారు. మొదటిది రాత్రి తీసి డబ్బాలో పెట్టవచ్చు. రెండవదానిలో ఒక భాగం పుర్రె ఎముక దగ్గర చర్మం కింద ఎప్పుడూ ఉంటుంది, అందులో అయస్కాంతం కూడా ఉంటుంది. అందుకే దాని కోడ్ వేరు, జాగ్రత్తలూ వేరు.

అమెరికాలో 2015 అక్టోబరు నుండి పదవ కూర్పును మరింత వివరంగా చేసి వాడుతున్నారు. అక్కడ కుడి మోకాలికి జెడ్ 96.651, ఎడమ మోకాలికి జెడ్ 96.652, రెండింటికీ జెడ్ 96.653 అని వ్రాస్తారు. పిల్లల దగ్గరకు వెళ్ళి అక్కడ డాక్టరుకు చూపించుకొనే పెద్దవారు ఏ కాలికి ఆపరేషన్ అయినదో తెలిపే కాగితం వెంట తీసికొని వెళ్ళాలి. మన దగ్గరి చిన్న కోడులో కుడి, ఎడమ తెలియదు.

3. పాత జబ్బు పోయినట్లా, ఉన్నట్లా?

“పరికరం వేశారు కదా, ఇక జబ్బు లేనట్లే కదా?” అని చాలామంది అడుగుతారు. దీనికి జవాబు ఒక్కొక్క పరికరానికి ఒక్కొక్క విధంగా ఉంటుంది. కోడ్లు చూస్తే అది తెలుస్తుంది.

కంటిలోని లెన్సు: వయసుతో వచ్చే శుక్లానికి కోడ్ హెచ్ 25. మసకబారిన లెన్సును తీసివేసి కొత్తది వేసిన తరువాత ఆ కంటికి శుక్లం కోడ్ ఉండదు, జెడ్ 96.1 మాత్రమే ఉంటుంది. వెనుకటి రోజుల్లో శుక్లం తీసివేసి లెన్సు వేయకుండానే పంపేవారు. సీసా అడుగంత మందమైన అద్దాలు పెట్టుకొన్న తాతగార్లు మీకు గుర్తుండే ఉంటారు. కంట్లో లెన్సే లేని ఆ స్థితికి వేరే కోడ్ ఉన్నది, హెచ్ 27.0. 1949లో లండనులో హెరాల్డ్ రిడ్లీ అనే కంటి డాక్టరు మొదటిసారి కంట్లో లెన్సు అమర్చారు. మదురైలో 1992లో మొదలైన ఆరోల్యాబ్ వంటి సంస్థలు తక్కువ ధరకు లెన్సులు తయారు చేయడంతో మన దేశంలో అవి పేదవారికీ అందాయి.

ఆపరేషన్ అయిన కొన్ని నెలలకో ఏళ్ళకో కొందరికి మళ్ళీ మసక వస్తుంది. “లెన్సు చెడిపోయింది”, “శుక్లం మళ్ళీ పుట్టింది” అని బాధపడతారు. చాలాసార్లు ఈ రెండూ కావు. లెన్సు వెనుక ఉన్న పొర మసకబారడం వల్ల అలా జరుగుతుంది. దాని కోడ్ హెచ్ 26.4. లేజర్‌తో కొద్ది నిమిషాలలో సరిచేస్తారు. లెన్సే చోటు తప్పితే కోడ్ టి 85.2. ఈ రెండింటికీ చికిత్స ఒకటి కాదు. కాబట్టి డాక్టరు ఏది వ్రాశారో అడిగి తెలుసుకోండి.

మోకాలి కీలు: మోకాలి అరుగుదలకు కోడ్ ఎం 17. కుడి మోకాలు మార్చిన తరువాత ఆ మోకాలికి అరుగుదల కోడ్ పోతుంది, జెడ్ 96.6 వస్తుంది. ఎడమ మోకాలు ఇంకా అరిగి ఉంటే దానికి ఎం 17 అలాగే ఉంటుంది. ఒకే కాగితం మీద రెండూ కనబడితే పొరపాటు అనుకోవద్దు.

స్టెంటు: ఇక్కడ సంగతి వేరు. మూసుకొనిపోయిన ఒకచోట దారి తెరిచారు, అంతే. రక్తనాళాలలో కొవ్వు పేరుకొనే జబ్బు శరీరంలోనే ఉన్నది. అందుకే గుండె జబ్బు కోడ్ ఐ 25.1, స్టెంటు కోడ్ జెడ్ 95.5 రెండూ వ్రాస్తారు. ‘స్టెంటు వేశారు, నాకు బాగైపోయింది’ అని మందులు మానివేసి, బీడీ సిగరెట్లు మళ్ళీ మొదలుపెట్టే అన్నలకు, తమ్ముళ్ళకు ఈ రెండు కోడ్లూ చూపించండి. ముఖ్యంగా స్టెంటు వేసిన తరువాత రక్తం గడ్డకట్టకుండా ఇచ్చే మాత్రలను డాక్టరు చెప్పకుండా ఒక్కరోజు కూడా ఆపకూడదు.

కాక్లియర్ ఇంప్లాంటు: బిడ్డ వింటున్నది కదా అని చెవుడు కోడ్ తీసివేయరు. పై భాగం తీసివేస్తే బిడ్డకు వినబడదు. కాబట్టి వినికిడి లోపం కోడ్, జెడ్ 96.2 రెండూ ఉంటాయి. స్నానం చేయించేటప్పుడు, నిద్రపుచ్చేటప్పుడు వెనుక నుండి పిలిస్తే పలకలేదని బిడ్డను కోప్పడకండి. ఈ మాట బడిలో టీచరుకూ చెప్పండి.

వాల్వు: చిన్నప్పటి కీళ్ళవాత జ్వరం వల్ల వాల్వు చెడినవారికి లోహపు వాల్వు అమరుస్తారు. తిరువనంతపురంలోని శ్రీ చిత్ర సంస్థలో తయారైన చిత్ర వాల్వును 1990 డిసెంబరులో మొదటిసారి రోగికి అమర్చారు. లోహపు వాల్వు ఉన్నవారు రక్తం పలుచబడే మాత్ర జీవితాంతం వేసుకోవాలి, రక్తపరీక్ష చేయించుకొంటూ ఉండాలి. అందుకే జెడ్ 95.2 పక్కన, ఈ మందు వాడుతున్నారని చెప్పే జెడ్ 92.1 కూడా ఉండాలి. ఈ జంటలో ఒకటి లేకపోతే సిస్టరును అడగండి.

4. ఉన్నది – చూపించుకొంటున్నాము – చెడినది

ఒకే పరికరానికి మూడు రకాల కోడ్లు రావచ్చు. దీనిని పేస్‌మేకర్ ద్వారా అర్థం చేసికొందాము.

గుండె పై గదుల నుండి కింది గదులకు విద్యుత్తు అందక, నాడి బాగా తగ్గి, కళ్ళు తిరిగి పడిపోయే జబ్బు ఒకటి ఉన్నది. దాని కోడ్ ఐ 44.2. దానికి పేస్‌మేకర్ పెడతారు. 1958 అక్టోబరులో స్వీడన్ దేశంలోని స్టాక్‌హోంలో ఆర్నె లార్సన్ అనే ఆయనకు మొదటిసారి దీనిని శరీరం లోపల అమర్చారు. ఆ మొదటి మిషను కొన్ని గంటలే పనిచేసింది. అయినా ఆయన ఎన్నో పేస్‌మేకర్లు మార్చుకొంటూ 2001 వరకు జీవించారు.

- ‘ఉన్నది’: పేస్‌మేకర్ ఉన్న పెద్దాయన టైఫాయిడ్ జ్వరంతో చేరారనుకోండి. టైఫాయిడ్ కోడ్ ముందు, జెడ్ 95.0 తరువాత. మిషను బాగానే ఉన్నది, కాని దానిని గుర్తుంచుకొని వైద్యం చేయండి అని అర్థం.
- ‘చూపించుకొంటున్నాము’: మిషను సరిగా కొట్టుకొంటున్నదా, బ్యాటరీ ఎంత మిగిలింది అని పరీక్షకు వస్తే కోడ్ జెడ్ 45.0. ఇది అనుకొన్న ప్రకారం జరిగే పని. భయపడనక్కరలేదు.
- ‘చెడినది’: తీగ తెగినా, చోటు తప్పినా టి 82.1. చీము పడితే టి 82.7. ఇప్పుడు జెడ్ పోయి టి వచ్చింది. అంటే రోగి చేరడానికి కారణం ఆ పరికరమే.

కీళ్ళ మార్పిడిలో కూడా ఇదే పద్ధతి. బాగున్నంత కాలం జెడ్ 96.6. అమర్చిన కీలు వదులైనా, జారినా టి 84.0. అందులో ఇన్‌ఫెక్షన్ చేరితే టి 84.5.

జెడ్ చూసి భయపడవద్దు, టి చూసి ఆలస్యం చేయవద్దు. మార్చిన మోకాలు ఎర్రబడి, వేడిగా వాచినా, గాయం నుండి రసి కారినా, కొత్తగా నొప్పి, జ్వరం వచ్చినా ఆపరేషన్ చేసిన డాక్టరు దగ్గరకు వెంటనే రావాలి. ఊళ్ళో ఆర్ఎంపి దగ్గర ఆ మోకాలికి సూది వేయించకండి. “నొప్పికి చిన్న ఇంజెక్షనే కదా” అనిపిస్తుంది. కాని కీలు లోపలికి క్రిమి చేరితే పెట్టిన కీలును మళ్ళీ తీయవలసి రావచ్చు.

5. కోడ్ ఎవరు వేస్తారు? ఎక్కడ తప్పిపోతుంది?

రోగి వెళ్ళిన తరువాత కేస్ షీటు మెడికల్ రికార్డ్స్ విభాగానికి వెళ్తుంది. అక్కడివారు డాక్టరు వ్రాసిన ప్రతి మాటనూ చదివి కోడ్ వేస్తారు. వారు రోగిని చూడరు. కాగితంలో ఉన్నదానికే కోడ్ వేయగలరు. డాక్టరు వ్రాసేది, మీరు చెప్పినదానిని బట్టి, పరీక్షలలో కనబడినదానిని బట్టి ఉంటుంది.

అంటే ఈ గొలుసులో మొదటి కొక్కెం మీరే. మీరు చెప్పకపోతే డాక్టరు వ్రాయరు, డాక్టరు వ్రాయకపోతే కోడ్ పడదు, కోడ్ పడకపోతే రేపు కంప్యూటరులో వెదికినప్పుడు ఆ సంగతి దొరకదు.

“ఇంతకుముందు ఏమైనా ఆపరేషన్లు అయ్యాయా?” అని చేర్చుకొనేటప్పుడు అడుగుతాము. “ఏమీ లేవమ్మా” అంటారు. రెండవ రోజు చొక్కా విప్పినప్పుడు భుజం కింద మచ్చ కనబడుతుంది. “అది ఆపరేషనా? మిషను పెట్టారంతే” అంటారు. స్టెంటు గురించి కూడా ఇంతే. కోత కోయలేదు కాబట్టి అది ఆపరేషన్ కాదని అనుకొంటారు. అందుకే మేము ప్రశ్న మార్చి అడుగుతాము, మీరూ అలాగే ఆలోచించండి: “ఒంట్లో ఎక్కడైనా, ఎప్పుడైనా, ఏదైనా వస్తువు పెట్టారా?”

చెప్పకపోతే ఏమవుతుందో ఒక ఉదాహరణ చూడండి. పొలం గట్టు మీద జారిపడి తలకు దెబ్బ తగిలిన వ్యక్తిని పక్క చేనువారు ఆటోలో తెచ్చారు. స్పృహ సరిగా లేదు. ఆయనకు లోహపు వాల్వు ఉన్నది, రక్తం పలుచబడే మాత్ర వేసుకొంటున్నారు. తెచ్చినవారికి ఆ సంగతి తెలియదు. అలాంటివారికి తలలో చిన్న రక్తస్రావం కూడా త్వరగా పెద్దదవుతుంది. వెంటనే స్కాన్ తీసి, రక్తం ఎంత పలుచగా ఉన్నదో చూసి, దానికి విరుగుడు ఇవ్వాలా అని డాక్టరు నిర్ణయించాలి. జేబులో చిన్న కార్డు ఉంటే ఆ నిర్ణయం మొదటి నిమిషాలలోనే మొదలవుతుంది.

ఇలా ముందుగా చెప్పి తీరవలసిన సందర్భాలు మరికొన్ని:

- ఎమ్మారై తీసేటప్పుడు: అది పెద్ద అయస్కాంతం. కొత్త పేస్‌మేకర్లలో చాలావాటికి కొన్ని షరతులతో ఎమ్మారై తీయవచ్చు, పాతవాటిలో కొన్నింటికి తీయకూడదు. కాక్లియర్ ఇంప్లాంటుకు కూడా ముందు జాగ్రత్తలు కావాలి. మోకాలి కీళ్ళకు, స్టెంట్లకు సాధారణంగా ఇబ్బంది ఉండదు, అయినా చెప్పాలి.
- వేరే ఆపరేషన్ ముందు: రక్తం ఆపడానికి వాడే కరెంటు పరికరం పేస్‌మేకర్‌ను తికమక పెట్టవచ్చు.
- పన్ను తీయించుకొనే ముందు: కృత్రిమ వాల్వు ఉన్నవారికి ముందుగా యాంటీబయాటిక్ ఇస్తారు. రక్తం పలుచబడే మాత్రను మీ అంతట మీరు ఆపకూడదు.
- ఫిజియోథెరపీలో కరెంటుతో కాపు పెట్టేటప్పుడు: పేస్‌మేకర్, కాక్లియర్ ఇంప్లాంటు, లోహపు కీలు ఏది ఉన్నా ముందే చెప్పాలి.

మరొక మాట చెప్పడం కష్టమే, కాని చెప్పాలి. పేస్‌మేకర్ ఉన్న వ్యక్తి మరణించినప్పుడు, దహనం చేసే కుటుంబమైతే ముందుగా ఆ మిషను తీయించాలి. మంటలో బ్యాటరీ పేలి దగ్గర నిలబడినవారికి దెబ్బ తగలవచ్చు. ఆసుపత్రిలో జరిగితే సిస్టరుకు గుర్తు చేయండి. ఇంటి దగ్గర జరిగితే డాక్టరుకు కబురు చేయండి. చిన్న కోతతో తీసివేస్తారు. దుఃఖంలో ఇది తోచదు కాబట్టి ఇంట్లో ఒకరికైనా ముందే తెలిసి ఉండాలి.

6. కోడ్ చెప్పలేనిది ఏమిటి?

జెడ్ 96.6 అంటే కీలు మార్చారని మాత్రమే తెలుస్తుంది. ఏ కంపెనీది, ఏ సైజు, ఏ నంబరు అన్నది తెలియదు. అది తెలియకపోతే ఏమి నష్టమో మన దేశంలోనే జరిగింది.

డెప్యూ అనే కంపెనీ తయారు చేసిన ఏఎస్ఆర్ అనే లోహపు తుంటి కీలు, అనుకొన్నదానికంటే ఎక్కువమందికి చెడిపోయి మళ్ళీ ఆపరేషన్లు చేయవలసి వచ్చింది. లోహపు రేణువులు రక్తంలో కలుస్తున్నట్లు కూడా తేలింది. 2010 ఆగస్టులో కంపెనీ ప్రపంచమంతటా దానిని వెనక్కి తీసుకొన్నది. మన దేశంలో అప్పటికే సుమారు 4,700 ఆపరేషన్లు ఈ కీలుతో జరిగాయి. కేంద్ర ఆరోగ్య శాఖ నియమించిన నిపుణుల సంఘం విచారించేనాటికి సుమారు 3,600 మంది ఆచూకీ దొరకలేదు. ఈ సంగతి 2018లో బయటికి వచ్చింది. అంటే తమ తుంటిలో ఉన్నది వెనక్కి తీసుకొన్న కీలు అని తెలియకుండానే ఎంతమందో ఉండి ఉంటారు. పరీక్షకు రమ్మని పిలవడానికి, నష్టపరిహారం అందించడానికి కూడా దారి లేకపోయింది.

ఇంప్లాంటు డబ్బా మీద కంపెనీ పేరు, మోడలు, సైజు, లాట్ నంబరు లేదా సీరియల్ నంబరు ఉన్న స్టిక్కర్లు వస్తాయి. ఆపరేషన్ థియేటరులో ఒకటి కేస్ షీటులో అతికిస్తారు. ఇంకొకటి మీ కాగితాలలోనో, రోగికి ఇచ్చే ఇంప్లాంటు కార్డు మీదనో ఉండాలి. లేకపోతే డిశ్చార్జి రోజున అడిగి తీసుకోండి. అది అడగడం తప్పు కాదు, మీ హక్కు.

కోడ్ ‘ఉన్నది’ అని చెబుతుంది, కార్డు ‘ఏది’ అని చెబుతుంది. రెండూ కావాలి.

7. ఇన్సూరెన్సు, ప్రభుత్వ పథకాలు

2007లో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో మొదలైన ఆరోగ్యశ్రీలోగాని, 2018లో కేంద్రం మొదలుపెట్టిన ఆయుష్మాన్ భారత్‌లోగాని ప్రతి చికిత్సకూ ఒక ప్యాకేజీ నంబరు ఉంటుంది. అది వేరు, ఈ జబ్బు కోడ్ వేరు. ప్యాకేజీ నంబరు ‘ఏమి చేశారు’ అని చెబుతుంది. జబ్బు కోడ్ ‘ఎందుకు చేశారు, రోగి స్థితి ఏమిటి’ అని చెబుతుంది. రెండూ ఒకదానికొకటి కుదరకపోతే కాగితాలు తిరిగి వస్తాయి.

సొంతంగా పాలసీ తీసుకొనేటప్పుడు “స్టెంటు సంగతి చెబితే ప్రీమియం పెరుగుతుంది, దాచెయ్యండి” అని సలహా ఇచ్చేవారు ఉంటారు. ఆ సలహా వినకండి. అవసరం వచ్చినప్పుడు పాత కాగితంలో జెడ్ 95.5 కనబడితే, దాచారన్న కారణంతో క్లెయిము తిరస్కరించవచ్చు. అంతకంటే పెద్ద నష్టం ఇంకొకటి ఉన్నది. కంపెనీ దగ్గర దాచినవారు డాక్టరు దగ్గర కూడా దాస్తారు.

8. కుటుంబ సభ్యులు చేయవలసినవి

1. డిశ్చార్జి సమ్మరీలో పరికరం పేరు, ఏ వైపు, ఏ తారీఖున అమర్చారు అనేవి వ్రాసి ఉన్నాయో లేదో ఇంటికి వెళ్ళకముందే చూడండి. కొన్ని ఆసుపత్రులు కోడ్ వ్రాయవు. కోడ్ లేకపోయినా పరికరం పేరు ఉండి తీరాలి.
2. ఇంప్లాంటు కార్డును రోగి జేబులో లేదా పర్సులో ఉంచండి. జిరాక్సు ఒకటి ఇంట్లో పెట్టండి. ఫోటో తీసి ఇద్దరి ఫోన్లలో దాచండి.
3. రేషన్ కార్డు, ఆధార్ కార్డు పెట్టే చోటనే ఈ కాగితాలూ పెట్టండి. వరద వచ్చినా, ఇల్లు మారినా ముందుగా తీసేది ఆ కవరే కదా.
4. ఏ డాక్టరు దగ్గరకు వెళ్ళినా, పంటి డాక్టరైనా సరే, మొదటి మాటగా పరికరం సంగతి చెప్పండి.
5. ఇంట్లో ఒక్కరికే తెలిస్తే చాలదు. కోడలికి, అల్లుడికి, పెద్ద మనుమడికి కూడా చెప్పండి. రోగిని ఆసుపత్రికి తెచ్చేది ఎవరో ముందుగా తెలియదు.
6. కాగితంలో తప్పు కనబడితే, అంటే కుడికి బదులు ఎడమ అని ఉన్నా, పరికరం పేరు లేకపోయినా, సంకోచించకుండా వార్డులో చెప్పండి. డాక్టరు చూసి సరిచేసి సంతకం చేస్తారు. మీరు మాత్రం కాగితం మీద స్వయంగా దిద్దకూడదు.

పునశ్చరణ ప్రశ్నలు

ఇంట్లో అందరూ కూర్చొని ఈ ప్రశ్నలకు జవాబులు చెప్పుకోండి.

1. డిశ్చార్జి కాగితం మీద జెడ్ 96.1 అని ఉన్నది. కంటిలో కొత్త జబ్బు వచ్చినట్లా?
(కాదు. కంట్లో లెన్సు అమర్చబడి ఉన్నదని అర్థం.)

2. స్టెంటు వేసిన తరువాత కూడా గుండె జబ్బు కోడ్ ఎందుకు వ్రాస్తారు?
(దారి తెరిచారు గాని, రక్తనాళాల జబ్బు పోలేదు. మందులు, జాగ్రత్తలు కొనసాగాలి.)

3. మార్చిన మోకాలికి నిన్నటి వరకు జెడ్ 96.6, ఈరోజు టి 84.5. ఏమి మారింది?
(కీలులో ఇన్‌ఫెక్షన్ చేరింది. ఆలస్యం చేయకూడదు.)

4. కోడ్ ఉన్నది కదా, ఇంప్లాంటు కార్డు ఎందుకు?
(ఏ కంపెనీ, ఏ మోడలు, ఏ నంబరు అన్నది కోడ్ చెప్పదు.)

5. మీ ఇంట్లో ఎవరి ఒంట్లోనైనా ఏదైనా పరికరం ఉన్నదా? దాని కార్డు ఇప్పుడు ఎక్కడ ఉన్నది?

ఈ చివరి ప్రశ్నకు జవాబు మా దగ్గర లేదు, మీ బీరువాలో ఉన్నది. ఈ పుస్తకం పక్కన పెట్టి ఒకసారి వెదకండి. దొరకకపోతే, ఆపరేషన్ చేసిన ఆసుపత్రిలోని మెడికల్ రికార్డ్స్ విభాగానికి రోగి పేరు, ఆసుపత్రి నంబరు, ఆపరేషన్ తారీఖు తీసుకొని వెళ్ళి నకలు అడగండి. ఏళ్ళు గడిచేకొద్దీ పాత కేస్ షీట్లు దొరకడం కష్టమవుతుంది. కాబట్టి ఈ నెలలోనే వెళ్ళండి.